జనాభా పెద్దాయన

కెనడాలోని సస్కాచెవాన్ రాష్ట్రంలో, గోధుమ పొలాల మధ్య ఏ చిన్న ఊరికి వెళ్లినా ఈయన తగులుతాడు. డెబ్బై దాటిన మనిషి. నెత్తిన విత్తనాల కంపెనీ ఊరికే ఇచ్చిన టోపీ. ఊరి జనాభా ఎంతని అడిగితే చటుక్కున చెప్పడు. "ఎవరి లెక్క ప్రకారం?" అంటాడు.

సర్కారు లెక్క అయిదేళ్లకోసారి వస్తుంది. ఈయన లెక్క రోజూ పొద్దున్నే కాఫీ దగ్గర తేలుతుంది. ముసలి రైతులు చేరే ఆ బల్లని అక్కడ 'కాఫీ రో' అంటారు. రచ్చబండకి హీటరు పెట్టారనుకోండి. ఆ పూట డబ్బులెవరివ్వాలో పాచికలు తేలుస్తాయి. ఈయన డబ్బాని చెవి దగ్గర పెట్టుకుని, లోపలి పాచికల మాట వింటున్నట్టు గిలక్కొట్టి, బల్లమీద బోర్లించి, ఓడిపోతాడు. తర్వాత హాజరు మొదలవుతుంది. ఏ కుర్చీ ఖాళీగా ఉన్నా విచారణే. ఒంట్లో బాగాలేదా, సస్కటూన్‌లో కూతురి దగ్గరికి వెళ్లాడా, లేక... ఆ 'లేక' తర్వాతి ముక్క ఎవరూ అనరు. నిజంగానే పోయినవాణ్ని కూడా ఈయన వెంటనే కొట్టెయ్యడు. "పన్ను కట్టేశాడుగా, డిసెంబరు దాకా మనవాడే!" కాల్గరీలో ఇల్లు కొనుక్కుని పిల్లల్ని కన్న కుర్రాడు ఈయన పద్దులో ఇంకా 'పనిమీద వెళ్లాడు' కిందే ఉంటాడు.

ఆ ఊళ్లు పుట్టిందే లెక్కప్రకారం. బండిమీద ధాన్యం తోలుకెళ్లిన రైతు చీకటిపడేలోగా ఇల్లు చేరాలి కనక, రైలు కంపెనీలు 12–16 కిలోమీటర్లకో స్టేషన్ పెట్టాయి. దాని పక్కన ఎలివేటరు, అంటే ధాన్యాన్ని పైకి తోడి నిల్వచేసి వ్యాగన్లలోకి వదిలే ఎత్తైన చెక్క గిడ్డంగి. 1930లలో ఈ రాష్ట్రంలో ఇవి మూడువేల పైచిలుకు. లారీలొచ్చాక ధాన్యం దూరాన ఉన్న పెద్ద గిడ్డంగులకి పోయింది. చాలాచోట్ల పట్టాలు పీకేశారు. బడి పక్కూరికి తరలింది. 2017లో సర్కారు బస్సులూ ఆగిపోయాయి. దేశంలో చాలాచోట్ల ఏటా రెండుసార్లు గడియారం ముళ్లు జరుపుతారు, సస్కాచెవాన్‌లో దాదాపు ఎక్కడా జరపరు. అదేమని అడిగితే, "ఊళ్లోంచి అన్నీ కదిలిపోయాయి, అదొక్కటైనా ఉన్నచోట ఉండనీ" అంటాడు.

ఇంతకీ ఈయన సిద్ధాంతం ఒకటే. లెక్కపెట్టాల్సింది తలల్ని కాదు, పనుల్ని. మేయరుగారే చలికాలంలో రోడ్లమీద మంచు తోస్తాడు, నిప్పంటుకుంటే ఫైరింజను నడుపుతాడు, ఆదివారం చర్చిలో తలుపు తీస్తాడు. "నలుగురి పని చేస్తున్న మనిషిని ఒక్కడని రాస్తే అది లెక్కా?"

దీనికి ఈయన దగ్గర సాక్ష్యం ఉంది. సరిహద్దుకి అవతల, అమెరికాలోని నెబ్రాస్కాలో మొనోవీ అని ఒక ఊరు. 2000లో జనాభా ఇద్దరు, ఎల్సీ ఐలర్, ఆమె భర్త రూడీ. 2004లో ఆయన పోయాడు. 2010 లెక్కల్లో ఒక్కరే మిగిలారు. మేయరు ఆమే, గుమాస్తా ఆమే, కోశాధికారి ఆమే, భర్త పుస్తకాలతో పెట్టిన గ్రంథాలయం చూసేదీ ఆమే. తన బారుకి లైసెన్సు కావాలని ఆమే అర్జీ పెట్టుకుని ఆమే మంజూరు చేసుకునేది. 2020 లెక్కల్లో మాత్రం జనాభా రెండని వచ్చింది. ఆ రెండో మనిషెవరో ఆమెకే తెలియదు. ఎవరి వివరాలూ బయటపడకూడదని సెన్సస్ వాళ్లే అంకెల్ని కావాలని కాస్త అటూఇటూ చేశారట. ఈ సంగతి తెలిసినప్పట్నుంచీ మన పెద్దాయన్ని పట్టడం ఎవరి తరమూ కాదు. "లేని మనిషిని సర్కారు రాస్తే గోప్యత. నేను రాస్తే కోతలా?"

ఎప్పుడైనా అటు కారులో వెళితే జాగ్రత్త. ఎదురొచ్చే ట్రక్కులోంచి స్టీరింగు వదలకుండానే ఒక వేలు లేపి పలకరిస్తాడు. మీరూ వేలు లేపారా, సగం చిక్కినట్టే. ఇక దారి అడగడానికి ఆగితే, దారి చెప్పే ముందే "కర్లింగ్ ఆడతావా?" అంటాడు. మంచుమీద రాయి జారించే ఆ ఆటకి జట్టుకి నలుగురు కావాలి, ఊళ్లో ఉన్నది ముగ్గురు. రాదన్నా లాభం లేదు, 'నేర్చుకుంటాడు' అని రాసేసుకుంటాడు. మీరు రెజైనా చేరి హోటల్లో దిగేసరికే, ఆ ఊళ్లో మీ పేరుమీద ఒకపూట కాఫీల డబ్బు బాకీ పడి ఉంటుంది.