గేటుకంటించిన కాగితమే నయం

ఈ ఫోన్లలో పుట్టే ఉత్తర్వులు నాకు బొత్తిగా గిట్టవు. మా మనవడు పైడిభీమవరం దగ్గర ఓ మందుల కంపెనీలో చేస్తున్నాడు. రాత్రి పదిన్నరకి కంచం ముందు కూర్చుంటే ఫోను కుయ్యిమంటుంది. రేపు మొదటి షిఫ్టట! ఎవరు మార్చారో, ఎందుకు మార్చారో ఉండదు. అడగరా అంటే, "ఏటడుగుతాం తాతా, ఆ గ్రూపులో పెద్దోలు తప్ప ఇంకెవులూ రాయలేరు" అంటాడు. చూశానని బొటనవేలు బొమ్మ పెట్టడమే వీడి వంతు. మా తాతల కాలంలో చదువు రానివాళ్లు వేలిముద్ర వేసేవారు. వీడు ఎమ్మెస్సీ చదివి వేస్తున్నాడు.

మా రోజుల్లో ఆఫీసర్ల నోళ్లు మంచివని కాదు. నేను టైపు కొట్టిన ఆఫీసులో మా పెద్దాయన పిలిచి, ఎదురుగా నిలబెట్టి, కడిగేసేవాడు. అంతా అయ్యాక "ఏమంటావోయ్?" అనేవాడు. అప్పుడు నా గోడు చెప్పుకునేవాణ్ణి. సగంసార్లు వినేవాడు కాదనుకోండి, అది వేరే సంగతి.

ఇలా చెప్పుకునే వీలు చట్టంలోనే ఉంది. వంద మంది, ఆపైన పనివాళ్లున్న చోట వర్క్స్ కమిటీ వెయ్యమని ప్రభుత్వం ఆదేశించొచ్చని 1947 పారిశ్రామిక వివాదాల చట్టంలో రాశారు. అందులో పనివాళ్ల మనుషులు యాజమాన్యం వాళ్లకంటే తగ్గకూడదు. 2020 పారిశ్రామిక సంబంధాల కోడ్ వచ్చి, ఇరవై మంది ఉన్నా ఫిర్యాదుల కమిటీ ఉండాలంది. మీ కమిటీలో ఎవరున్నార్రా అంటే, మావాడు తల గోక్కుని, హెచ్చార్ మేడమ్ మెయిల్ ఐడీ ఉందన్నాడు.

అలాగని ఆ కాలమంతా మాటామంతీతో గడిచిందనను. మా రామతీర్థం పక్కనే నెల్లిమర్ల జూట్ మిల్లు. అక్కడి గొడవల్లో 1994 జనవరి 29న పోలీసు కాల్పులకి ఐదుగురు పోయారు. చిట్టివలస జూట్ మిల్లు 2009లో లాకౌటైంది, మరి తెరవలేదు. పొద్దున్నే సైకిలేసుకుని షిఫ్టుకెళ్లినవాడికి గేటుకంటించిన కాగితమే సంగతి చెప్పేది. ముందు ఒక్క మాటైనా అనని యాజమాన్యాలు అప్పుడూ ఉన్నాయి.

కానీ ఆ కాగితం ముందు జనం పోగయ్యేవారు. చదువొచ్చినవాడు పైకి చదివేవాడు, రానివాడు తిట్టేవాడు. ఇంతలో యూనియనాయన వచ్చి గట్టు మీదికెక్కి కేకలేసేవాడు. మేనేజరు బయటికి రాకపోయినా, ఆ కేకలు వినపడకుండా చెవులు మూసుకోలేడు కదా! ఇప్పుడా కాగితం ఎవడి ఫోనులో వాడికి, ఎవడి మంచం మీద వాడికి వస్తోంది. ఇక పోగయ్యేదెక్కడ?

మొన్న ఇంకో వింత. షిఫ్టు మార్చిన మెసేజ్ తప్పుపడి మావాడూ ఇంకోడూ ఒకే మెషిన్ దగ్గరికి పోయారు. ఇద్దరూ సూపర్‌వైజరు బల్ల ముందుకెళ్లి నిలబడ్డారు. ఆయన తలెత్తలేదు. ఫోను తీసి ఏదో కొట్టాడు. ఇద్దరి జేబుల్లోనూ కుయ్యిమంది: "గ్రూపు చూసుకోండి."