మూడో సాక్షి

గట్టిమేళం మోగగానే పందిట్లో ఉన్నవాళ్ళంతా అక్షింతలు గుప్పిట్లో పట్టుకుని మండపం మీదికి తోసుకొస్తారు. ఒక్క మనిషి మాత్రం ఫోటోగ్రాఫర్ వెనక నిలబడి అతని చొక్కా లాగుతూ ఉంటాడు. "బాబూ, ఇద్దరి మొహాలూ పడాలి, మధ్యలో సూత్రం పడాలి. పొగ, పూలు, ఆర్టు అన్నీ తరవాత తీసుకుందువుగాని." ఫోటోగ్రాఫర్‌కి కావలసింది వెనకంతా మసకబారి, పెళ్ళికూతురి కంటిచివర ఒక్క నీటిబొట్టు మెరిసే ఫోటో. ఈయనకి కావలసింది సబ్ రిజిస్ట్రారాఫీసులో దరఖాస్తుకి పిన్ను కొట్టే ఫోటో. పైన డ్రోన్ తిరుగుతుంటే తలెత్తి చూసి, "అక్కణ్ణించి తీస్తే మాడు పడుతుంది గానీ మొహం పడుతుందా?" అని ఈసడించుకుంటాడు.

ఈయనే మా సాక్షి మావయ్య. మా మావయ్య అన్నాను గానీ, ఇలాంటి వారు ప్రతి బంధువర్గంలోనూ ఒకరుంటారు. కొందరికి బాబాయి, కొందరికి పెదనాన్న. ఏ తాలూకాఫీసులోనో బ్యాంకులోనో రిటైరై ఉంటారు. సంతకం ముత్యాల్లా ఉంటుంది. వారం మధ్యలో పగటిపూట ఖాళీగా దొరుకుతారు. పెళ్ళి రిజిస్ట్రేషన్‌కి ముగ్గురు సాక్షుల్ని తెమ్మంటారు కదా, అబ్బాయి తరఫున ఒకరు, అమ్మాయి తరఫున ఒకరు ఎలాగో వస్తారు. చిక్కంతా మూడోవాడితోనే. ఒకడు సెలవు దొరకలేదంటాడు. ఒకడు ఆధార్ ఊళ్ళో మర్చిపోయానంటాడు. ఇంకొకడు గొంతు తగ్గించి, "రేపు వీళ్ళిద్దరికీ పడకపోతే నన్ను కోర్టుకి పిలవరు కదా?" అంటాడు. అప్పుడు మావయ్యకి ఫోను వెళుతుంది. అటుపక్క ఆయన అప్పటికే చెప్పులు వేసుకుని ఉంటాడు.

ఆయన చేతిసంచీ ఒక చిన్న ఆఫీసు. గమ్ము సీసా, స్టేప్లరు, స్టాంపు ప్యాడు, నీలం పెన్ను, నల్ల పెన్ను, తన ఆధార్ జిరాక్సులు ఓ దొంతర. ఒక్కోదాని మీదా "పెళ్ళి సాక్ష్యం నిమిత్తం మాత్రమే" అని అడ్డంగా రాసి ఉంటుంది. తన ఆధార్‌తో ఎవరో ఎక్కడో సిమ్ముకార్డు కొనేస్తారని ఆయన భయం. ఎవరింటికి పెళ్ళిపిలుపుకి వెళ్ళినా శుభలేఖలు రెండు అడిగి పుచ్చుకుంటాడు, ఒకటి తనకి, ఒకటి ఫైలుకి. మూడేళ్ళ తరవాత ఆ జంట వచ్చి, "మావయ్యా, మా పెళ్ళి శుభలేఖ మా దగ్గరే లేదు" అని తల గోక్కుంటే, బీరువా తీసి పసుపు అంటిన కార్డు చేతిలో పెడతాడు. ఆ క్షణం కోసమే బతుకుతున్నాడేమో అనిపిస్తుంది.

శుభలేఖ చూడగానే మనం ముహూర్తం ఎప్పుడు, భోజనాలు ఎక్కడ అని చూస్తాం. ఆయన పేర్లు చూస్తాడు. "చి. ల. సౌ. చిన్నారి ఏమిటిరా? ఆధార్‌లో చిన్నారి అని ఉందా?" అసలు మన పేర్ల సంగతి ఆయన దగ్గర మొదలుపెట్టకూడదు, మొదలుపెడితే కాఫీ చల్లారిపోతుంది. పదో తరగతి సర్టిఫికెట్‌లో ఇంటిపేరు ఒకే అక్షరం. పాన్ కార్డులో ఇంటిపేరు ముందు, ఆధార్‌లో వెనక. పాస్‌పోర్టువాడు ఇంటిపేరుకి వేరే గడి, పేరుకి వేరే గడి ఇచ్చి కూర్చోబెడతాడు. ఒకే పిల్ల నాలుగు కార్డుల్లో నలుగురు. పెళ్ళయిన మర్నాడే భర్త ఇంటిపేరు తగిలించుకుని ఫేస్‌బుక్కులో మార్చేసుకున్న అమ్మాయిని చూస్తే ఆయనకి రక్తపోటు పెరుగుతుంది. "పదో తరగతిలో ఏముందో ఫారంలో అదే రాయమ్మా. ప్రేమ ఇంట్లో చూపించుకో" అంటాడు.

తేదీ దగ్గర ఇంకా పెద్ద పేచీ. "బుధవారం రాత్రి తెల్లవారితే గురువారం, 2 గంటల 41 నిమిషాలకు" అని వేయిస్తాం శుభలేఖలో. పంచాంగం ప్రకారం సూర్యుడు ఉదయించేదాకా బుధవారమే. ఇంగ్లీషు క్యాలెండరు అర్ధరాత్రికే గురువారంలోకి దూకేసింది. పెళ్ళికొడుకు దరఖాస్తులో బుధవారం తేదీ రాస్తాడు, పెళ్ళికూతురు తన వీసా ఫారంలో గురువారం తేదీ రాస్తుంది. కాన్సులేట్ కిటికీ వెనక కూర్చున్న అమెరికావాడికి తెల్లవారితే గురువారం అంటే ఏమిటో ఎవడు చెప్పాలి? అందుకని ముహూర్తం పెట్టించేటప్పుడే సిద్ధాంతిగారి పక్కన కూర్చుని, "పగటి లగ్నం ఏదైనా ఉంటే చూడండి" అని బతిమాలతాడు మావయ్య. వధూవరుల గ్రహబలం ఆయన పట్టించుకోడు.

మనవాళ్ళు మామూలుగా అనేది ఒకటే: వెయ్యిమంది చూశారు, వీడియో ఉంది, మళ్ళీ కాగితమెందుకు? 2002లోనే ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో పెళ్ళిళ్ళ రిజిస్ట్రేషన్ తప్పనిసరి చేస్తూ చట్టం వచ్చింది. 2006లో సుప్రీంకోర్టు దేశమంతటా అమలు చెయ్యమంది. మనం రెండూ మర్యాదగా విని, వీసా పని పడ్డప్పుడు చూద్దాంలే అనుకున్నాం. నిజానికి రిజిస్టరు చేయించనంత మాత్రాన పెళ్ళి చెల్లకుండా పోదని 1955 నాటి హిందూ వివాహ చట్టంలోనే ఉంది. ఆ ముక్క మాత్రం మావయ్య పైకి చెప్పడు. చెబితే ఇక ఎవరూ రారని ఆయనకి తెలుసు.

కానీ ఆయనకి అసలు కోపం ఈ జంటల మీద కాదు, రెండో రకం వాళ్ళ మీద. డిసెంబరులో పెళ్ళి, హాలు బుక్కయింది, నిశ్చితార్థం అయింది. ఈలోగా అమ్మాయి వీసాకి తొందర. "మావయ్యా, ముందు సర్టిఫికెట్ తీసేసుకుని, పెళ్ళి తరవాత చేసుకుంటాం." అంతే, ఆయన కళ్ళజోడు తీసేస్తాడు. హిందూ వివాహ చట్టం కింద రిజిస్ట్రారు చేసేది జరిగిన పెళ్ళిని పుస్తకంలో ఎక్కించడమే, పెళ్ళి చేయడం కాదు. ఏ ఆచారమూ జరగకుండా సర్టిఫికెట్ ఒక్కటి చేతిలో ఉంటే అది పెళ్ళి కిందికి రాదని 2024లో సుప్రీంకోర్టు ఖరాఖండిగా చెప్పింది. ఆ తీర్పు పేపర్లో పడ్డ రోజు మావయ్య దాన్ని కత్తిరించి సంచీలో పెట్టుకున్నాడు. అప్పటినుంచి ఎవరి పెళ్ళికి వెళ్ళినా సప్తపది దగ్గర నిలబడి వేళ్ళ మీద లెక్కపెడుతున్నాడు. ఆ వేళకి చుట్టాలంతా బంతిలో కూర్చుని ఉంటారు, పంతులుగారు ఐదో అడుగుకే తొందరపడతారు. "ఏడో అడుగు పడితేనే పెళ్ళి పూర్తయినట్టు అని చట్టంలో ఉంది స్వామీ, మెల్లిగా" అంటాడు ఈయన. పంతులుగారు ఆ మాట చట్టం పుట్టకముందు నుంచీ తమకి తెలుసన్నట్టు చూస్తారు.

"మరైతే దారేమిటి మావయ్యా?" అంటే రెండు దారులు చూపిస్తాడు. అన్నవరం వెళ్ళి సత్యదేవుడి సన్నిధిలో నిజంగానే పెళ్ళి చేసుకుని, దేవస్థానం రసీదుతో రండి. లేదా 1954 నాటి ప్రత్యేక వివాహ చట్టం కింద దరఖాస్తు పెట్టండి, అక్కడ మేళతాళాలు అక్కర్లేదు, ముగ్గురు సాక్షుల ముందు ఆఫీసరే పెళ్ళి జరిపిస్తాడు. కాకపోతే ముందు నోటీసివ్వాలి, దాన్ని ఆఫీసు గోడకి అంటిస్తారు, ముప్ఫై రోజులు ఆగాలి. నోటీసు గోడకి అంటిస్తారనగానే అమ్మాయి తల్లి అన్నవరం బస్సు టైములు అడుగుతుంది.

ఆఫీసులో మావయ్యని చూడాలి. పెళ్ళికీ ప్లాటుకీ మనకి ఒకటే ఆఫీసు కావడం వల్ల, పట్టుచీర కట్టుకున్న కొత్త కోడలు ఒకవైపు, బొటనవేళ్ళకి సిరా అంటిన రియల్ ఎస్టేట్ వాళ్ళు ఒకవైపు ఒకే బెంచీ మీద కూర్చుంటారు. సర్వర్ డౌన్ అన్నప్పుడు ఇద్దరూ ఒకేలా నిట్టూరుస్తారు. బయట వేపచెట్టు కింద దస్తావేజు లేఖరులు మావయ్యని చూసి నమస్కారం పెడతారు, కానీ ప్రేమతో కాదు. తమ బేరం పోగొట్టే మనిషి ఆయన. "ఇదిగో అబ్బాయ్, ఫారం నువ్వే నింపుకోగలవు, నీకు ఎంటెక్ ఉంది" అని ఆయన గట్టిగా అంటుంటే చెట్టు కింద నాలుగు టైపు మిషన్లు ఒక్కసారిగా ఆగిపోతాయి.

సర్టిఫికెట్ చేతికొచ్చాక జనం ఇంటికి పోతారు. మావయ్య పని అప్పుడు మొదలవుతుంది. రిజిస్టరు నంబరు, సంవత్సరం తన డైరీలో రాసుకుంటాడు. ఆ రెండూ ఉంటే ఫీజు కట్టి ఎప్పుడైనా సర్టిఫైడ్ కాపీ తీసుకోవచ్చు, రిజిస్టరులోంచి ధ్రువీకరించిన నకలు ఇవ్వాల్సిందేనని చట్టమే చెబుతోంది. జనం డైరీ రాయరు, లామినేషన్ చేయిస్తారు. లామినేషన్ అంటే మావయ్యకి పాముని చూసినట్టుంటుంది. పై దేశాలకి పంపాలంటే కాగితం మీద ముద్రలు పడాలి. మన దేశం అపోస్టిల్ ఒప్పందంలోకి వచ్చిన 2005 నుంచి చాలా దేశాలకి విదేశాంగ శాఖ అంటించే స్టిక్కరు సరిపోతుంది, దుబాయ్‌కైతే ఎంబసీ ముద్ర వేరే. ప్లాస్టిక్ మీద ఏది పడుతుంది? "దేవుడి పటానికి చేయించండి లామినేషన్, దీనికి కాదు" అని వీధి చివర జిరాక్సు షాపువాడిక్కూడా చెప్పి వచ్చాడు.

ఆ మధ్య కూతురి దగ్గరికి అమెరికా వెళ్ళివచ్చాక ఆయన ధోరణి ఇంకా ముదిరింది. అక్కడ లైసెన్సు ముందు, పెళ్ళి తరవాత అని తెలిసింది. కౌంటీ ఆఫీసులో లైసెన్సు తీసుకుంటే, పెళ్ళి చేయించిన పూజారిగారే దాని మీద సంతకం పెట్టి తిరిగి పంపాలట. "చూశావా, పంతులుగారి చేత సంతకం!" అని పొంగిపోయాడు. లాస్ వేగాస్‌లో లైసెన్సుల ఆఫీసు పండగలు, ఆదివారాలు లేకుండా ఉదయం ఎనిమిది నుంచి అర్ధరాత్రి దాకా తెరిచి ఉంటుందని విని చాలాసేపు మాట్లాడలేదు. ఆయన వెంటనే తేల్చినదొకటి ఉంది. న్యూయార్క్ రాష్ట్రంలో లైసెన్సు గడువు అరవై రోజులు. "లైసెన్సు తీసుకున్నాక శుక్రమూఢమి వచ్చిందనుకో, మూఢం వెళ్ళేసరికి లైసెన్సు పోతుంది. కాలిఫోర్నియాలో అయితే తొంభై రోజులు, మనవాళ్ళకి అదే మేలు." అమెరికా రాష్ట్రాలని మూఢాలతో తూకం వేసిన మొదటి మనిషి బహుశా ఈయనే.

ఇన్ని సంతకాలు పెట్టే మనిషికీ ఒక నియమం ఉంది. కళ్ళారా చూడని పెళ్ళికి, కనీసం ఆ పూట భోంచెయ్యని పెళ్ళికి సాక్షి సంతకం పెట్టడు. ఆ నియమం ఆయన్ని నిరుడు ఇరకాటంలో పెట్టింది.

అవనిగడ్డ వైపు మా దూరపు చుట్టాలు ఇద్దరు పెద్దవాళ్ళున్నారు. కొడుకు అమెరికా పౌరుడయ్యాడు, తల్లిదండ్రులకి గ్రీన్ కార్డు పెట్టాడు. కొడుకు తండ్రికి పెట్టాలంటే ఆ తండ్రి ఈ తల్లిని పెళ్ళి చేసుకున్నట్టు సర్టిఫికెట్ జతచెయ్యాలి. పెద్దావిడ ఆ మాట విని, "నలభై ఏడేళ్ళు వండిపెట్టాక ఇప్పుడు ఋజువు అడుగుతున్నారా?" అంది. పెళ్ళి తేదీ అడిగితే, "ఉప్పెన వెళ్ళాక వచ్చిన మాఘమాసం" అంది. దివిసీమ ఉప్పెన 1977 నవంబరులో, అంటే పెళ్ళి 1978 మొదట్లో. మావయ్య పాత పంచాంగం సంపాదించి తిథి చూసి ఇంగ్లీషు తేదీ తేల్చాడు. శుభలేఖ లేదు. ఫోటో లేదు. ఆ ఏడాది ఊళ్ళో కప్పున్న ఇళ్ళే తక్కువ, ఫోటోగ్రాఫర్ ఎక్కడినుంచి వస్తాడు. నోటరీ అఫిడవిట్ రాయించారు. ఇద్దరు సాక్షులు దొరికారు. మూడోవాడి కోసం మావయ్య చుట్టుపక్కల ఊళ్ళన్నీ తిరిగి, ఆ పెళ్ళినాటికి ఎనిమిదేళ్ళవాడైన ఒకాయన్ని పట్టుకొచ్చాడు. "తాళి కట్టడం గుర్తులేదండీ, పూర్ణాలు గుర్తున్నాయి" అన్నాడాయన. "నువ్వు తిన్నావు కదా, చాలు" అన్నాడు మావయ్య.

ఆఫీసులో అంతా సవ్యంగా నడుస్తుండగా గుమాస్తా పుట్టినతేదీలు చూసి పెన్ను కింద పెట్టేశాడు. "అమ్మగారికి అప్పటికి పదహారేళ్ళేనండీ. పద్ధెనిమిది నిండాలి." పెద్దాయన మొహం పాలిపోయింది. పెద్దావిడ మాత్రం కొంచెం ఆశగానే చూసినట్టు నాకనిపించింది. మావయ్య గొంతు సవరించుకున్నాడు. ఆడపిల్లకి పదిహేను నుంచి పద్ధెనిమిదికి, మగపిల్లవాడికి పద్ధెనిమిది నుంచి ఇరవై ఒకటికి వయసు పెంచిన సవరణ అమల్లోకి వచ్చింది 1978 అక్టోబరు 1న. వీళ్ళ పెళ్ళి మాఘమాసంలో. ఆనాటి చట్టం ప్రకారం ఈ అమ్మాయికి వయసు చాలినట్టే. 'అమ్మాయి' అన్న మాట విని అరవై మూడేళ్ళ ఆ అమ్మాయి కొంగు సర్దుకుంది. గుమాస్తా లోపలికి వెళ్ళి అడిగి వచ్చి, మాట్లాడకుండా పెన్ను తీసుకున్నాడు.

సర్టిఫికెట్ వచ్చింది. పెద్దాయన చెయ్యి చాపాడు. ఆయన చేతికి అందేలోపే పెద్దావిడ దాన్ని మడిచి తన సంచీలో వేసుకుని జిప్పు లాగింది. "ఇన్నాళ్ళూ పొలం కాగితాలు మీ దగ్గరే ఉన్నాయిగా, ఇది నా దగ్గరుంటుంది."

మావయ్య అప్పటికే సర్టిఫైడ్ కాపీ ఫారం తీసి బెంచీ మీద పరిచాడు. "మడవకండి వదినగారూ, మడత మీద ముద్ర పడదు" అంటూ, పెద్దాయన వైపు తిరిగి, "బావగారూ, ఫీజు తీయండి, మీకో నకలు" అన్నాడు.