మొహం మీది, పేరు ఆయనది

అమెరికన్ చిత్రకారుడు రిచర్డ్ ప్రిన్స్ గారికి మన అస్తిత్వం మీద ఉన్న బెంగ మనకు కూడా లేదు. డిజిటల్ యుగంలో మనిషి తన రూపాన్ని ఎలా చూసుకుంటున్నాడు, అసలు ‘నేను’ అంటే ఎవరు? ఇంతటి మహా ప్రశ్నలకు జవాబు వెతుకుతూ, పాపం, ఆయన ఇన్‌స్టాగ్రామ్ తిప్పాడు. ఎవరో అమ్మాయి పెట్టుకున్న ఫొటో కనబడింది. దాని కింద తనూ ఓ కామెంటు పడేశాడు. స్క్రీన్‌షాట్ తీశాడు. ఐదడుగులు దాటిన కాన్వాసు మీద ప్రింటు కొట్టించాడు. 2014లో న్యూయార్క్‌లోని గగోసియన్ గ్యాలరీ గోడకెక్కించి ‘న్యూ పోర్ట్రెయిట్స్’ అన్నాడు. కుంచె తడవలేదు. కళాకారుడి చెమట మాటంటారా, పట్టి ఉంటే బొటనవేలికే పట్టి ఉంటుంది.

చేయి తిరిగిన మనిషే లెండి. సిగరెట్ ప్రకటనల్లోని కౌబాయ్‌లను తిరిగి ఫొటో తీస్తే, అందులో ఒకటి 2005లో క్రిస్టీస్ వేలంలో పది లక్షల డాలర్లు దాటింది. ఇప్పుడు కెమెరా బరువు కూడా తగ్గించుకున్నాడు. ఫొటో ఆ అమ్మాయిది, మొహం ఆ అమ్మాయిది, ఈయన చేర్చింది రెండు ముక్కల కామెంటు. పెళ్లిలో పదకొండు రూపాయలు చదివించి, పెళ్లికూతురి వడ్డాణం పట్టుకెళ్లినట్టు. 2015లో ఈ బొమ్మలు 90 వేల డాలర్ల దాకా పలికాయి.

సిండీ షెర్మన్ అని ఒక అమాయకురాలు ఉంది. 1970ల నుంచి వేషాలన్నీ తనే కట్టి, తన ఫొటో తనే తీసుకుంటోంది. 2017లో జనానికి తెరిచిన ఇన్‌స్టా ఖాతాలో యాప్‌లు పెట్టి మొహాన్ని వికారంగా సాగదీసినప్పుడు కూడా సొంత మొహాన్నే వాడింది. ఎంత దుబారా! పరాయి మొహాలు ఉచితంగా దొరుకుతుంటే?

ప్రిన్స్ గారు వాడుకున్న ఫొటోల్లో సూసైడ్‌గర్ల్స్ అనే మోడళ్ల బృందానివి కూడా ఉన్నాయి. వాళ్లు ఏడవలేదు. అదే బొమ్మను అదే సైజులో ప్రింటు తీసి 90 డాలర్లకు అమ్మకానికి పెట్టారు. మొహం అదే, కాన్వాసు అదే. కాబట్టి లెక్క తేలిపోయింది: ఆయన పేరు ఖరీదు 89,910 డాలర్లు. సొమ్మొకడిది సోకొకడిది అని మనవాళ్లు ఊరికే అనుకుని ఊరుకున్నారు గానీ, దానికి ధర కట్టింది ఆ పిల్లలే.

2017 జనవరిలో మాత్రం ప్రిన్స్ గారికి ధర్మాగ్రహం వచ్చింది. ఇవాంకా ట్రంప్ ఫొటోతో చేసిన బొమ్మకు పుచ్చుకున్న 36 వేల డాలర్లు తిప్పి పంపి, అది తన పని కాదని, తను చేయలేదని, నకిలీ కళ అని ట్విటర్‌లో చాటాడు. ఇంత నిజాయితీ గల వాక్యం ఆయన నోట అంతకు ముందు వచ్చిందో లేదో! చిక్కల్లా ఏమిటంటే, ‘నేను చేయలేదు’ అన్న మాట ఆ గోడ మీది ప్రతి బొమ్మకూ అతుకుతుంది. వాపసు మాత్రం ఇవాంకాకు.

ఎమిలీ రటజ్‌కౌస్కీ అనే మోడల్‌కు ఆ భాగ్యం దక్కలేదు. తన ఫొటోతో ఆయన చేసిన బొమ్మను, అప్పటి ప్రియుడితో చెరిసగం వేసుకుని, 81 వేల డాలర్లకు కొనుక్కుంది. కన్నవాళ్లిచ్చిన మొహానికి మళ్లీ కొనుగోలు రసీదు! అయితే బాగా నేర్చుకుంది. ఆ బొమ్మ ముందు నిలబడి దిగిన ఫొటోను ఎన్‌ఎఫ్‌టీగా, అంటే డిజిటల్ యాజమాన్య పత్రంగా చేసి, 2021లో క్రిస్టీస్‌లోనే వేలానికి పెట్టింది. కమీషన్లతో కలిపి లక్షా 75 వేల డాలర్లు. గురువును మించిన శిష్యురాలు.

ఇంతలో, ప్రిన్స్ వాడుకున్న ఫొటోల్లో కొన్నిటిని తీసిన డొనాల్డ్ గ్రాహం, ఎరిక్ మెక్‌నాట్ కోర్టుకెక్కారు. పాత ఫొటో తన చేతిలో పడి కొత్త కళగా మారిపోయిందని ప్రిన్స్ పక్షం ఏళ్ల తరబడి వాదించింది. 2024 జనవరిలో, విచారణ ఇక మొదలవుతుందనగా, ఇద్దరికీ కలిపి కనీసం ఆరున్నర లక్షల డాలర్లు కట్టేలా తీర్పు వచ్చింది. గ్రాహం ఫొటోలో ఉన్నది గంజాయి దమ్ము లాగుతున్న ఒక రాస్తఫారీ మనిషి. ఆ దావాలో ఆయన వాదీ కాదు, ప్రతివాదీ కాదు.