ఒక బదిలీ ఉత్తర్వునకు టీకా తాత్పర్యము

మూలము: “పరిపాలనా సౌలభ్యము దృష్ట్యా చంద్రగిరి తహశీల్దారు కార్యాలయపు సీనియర్ అసిస్టెంటును సత్యవేడుకు బదిలీ చేయడమైనది. వెంటనే రిలీవ్ కావలెను.”

అవతారిక: పెనుకొండ నుండి రాజధానియే బదిలీయై వచ్చి, కొంతకాలముండి, వేలూరికి తరలిపోయిన ఊరు చంద్రగిరి. అరవీటి రాయలకు స్టే ఇచ్చువారు లేకపోయిరి. మన సీనియర్ అసిస్టెంటుకు ఉన్నారు.

టీక: పరిపాలనా సౌలభ్యము దృష్ట్యా = వాక్యమునకు ప్రాణమిదే. ఎవరి సౌలభ్యమని శంక. పరిపాలనదని సమాధానము. పరిపాలన అనగా ఎవరని మరల అడుగరాదు, న్యాయస్థానము కూడ అడుగదు. దురుద్దేశము రుజువైననో, చట్టబద్ధమైన నిబంధనను మీరిననో తప్ప బదిలీలో వేలుపెట్టరాదని 1991లో శిల్పీ బోస్ కేసున సుప్రీంకోర్టు తేల్చినది. అది బీహారు పంతులమ్మల తగవు. భర్తలున్న ఊళ్లకు కోరి వచ్చినవారొక పక్షము, వారి రాకతో కదలవలసినవారు మరొక పక్షము. మన స్పౌజ్ కేటగిరీ కౌన్సెలింగు చూచినవారికి వేరే వ్యాఖ్య అక్కరలేదు.

చేయడమైనది = కర్త కనబడని క్రియ. చేసినదెవరో ఆఫీసులో అటెండరుతో సహా అందరికీ తెలియును, అఫిడవిట్టులో మాత్రము వ్రాయరు. ఏలయన, దురుద్దేశము ఆరోపించువాడు ఆ పెద్దమనిషిని పేరుపెట్టి ప్రతివాదిగా చేర్చవలెను. చేర్చిన పిమ్మట ఆ జిల్లాలోనే రిటైరయ్యేదాకా ఉద్యోగము చేయవలెను. వ్యాకర్తలు దీనిని కర్మణి ప్రయోగమందురు. గుమాస్తాలు కర్మ అని మాత్రమే అందురు.

సత్యవేడుకు = తమిళ సరిహద్దుకు. “ఆడికి పోతే అరవం నేర్సుకోవాల్సిందే సామీ” అని అటెండరు వ్యాఖ్య. ప్రామాణికమే.

వెంటనే = ఉద్యోగి నేలపాడు హైకోర్టుకు చేరుకొనక మునుపే. రిలీవైనవానికి స్టే దొరకుట కష్టమని ఉభయపక్షములకును తెలియును. వినతిపత్రమిచ్చితిని, జవాబు రాలేదని ఇంట కూర్చుండుట ప్రాచీనుల మార్గము, అది అపాయకరము. సూరత్ నుండి ఉకాయ్‌కి కదలక భీష్మించిన గుజరాత్ విద్యుత్ బోర్డు ఉద్యోగికి కొలువే పోయినది, అదియు సబబేయని 1989లో సుప్రీంకోర్టు పలికినది.

శంక: ఇట్లు ఓడుటకేనా ఇందరు కోర్టుకెక్కుట?
సమాధానము: గెలుపు కొరకు కాదు, కాలము కొరకు. ఉదాహరణము పెద్దలదే చెప్పుదుము. రాష్ట్ర విభజనలో ఆంధ్రప్రదేశ్‌కు కేటాయింపబడిన ఐఏఎస్ సోమేశ్ కుమార్‌ను 2016లో కేంద్ర పరిపాలనా ట్రిబ్యునలు (క్యాట్) తెలంగాణలో ఉండనిచ్చినది. తెలంగాణ హైకోర్టు దానిని కొట్టివేయుసరికి 2023 జనవరి. ఈలోగా ఆయన తెలంగాణ ప్రధాన కార్యదర్శియే అయిరి.

విశేషము: రాజ్యాంగపు 371-డి అధికరణము కింద 1976లో మనకు పరిపాలనా ట్రిబ్యునలు వచ్చెను. దాని తీర్పు రుచింపనిచో మార్చుటకు, రద్దుచేయుటకు ప్రభుత్వమునకే అధికారముండెను! ఓడినవాని చేతికే ఎఱ్ఱసిరా కలమిచ్చుట. 1986 డిసెంబరులో సాంబమూర్తి కేసున సుప్రీంకోర్టు ఆ కలమును లాగికొనెను. పిదప రూపము మారిన ఆ ట్రిబ్యునలు 2019లో రద్దయినది; కనుకనే నేలపాడు ప్రయాణము.

ప్రతివస్తువు: డెప్యుటేషన్. బదిలీలో పొమ్మన్న పోడు, ఇందులో రమ్మన్న రాడు. కొండమీద దేవస్థానపు జీతము ప్రభుత్వ ఖజానాది కాదు గనుక ఫండమెంటల్ రూల్స్ దానిని ఫారిన్ సర్వీసుగా ఎంచును. శ్రీనివాస మంగాపురము దాటి శ్రీవారి మెట్టెక్కినచో విదేశమన్నమాట. ఆ విదేశమునకు వీసా సిఫారసు లేఖ. అక్కడ స్థిరపడు హక్కు డెప్యుటేషన్‌వానికి లేదని, ఎప్పుడైనను మాతృశాఖకు తిప్పిపంపవచ్చునని 2000లో కునాల్ నందా కేసున సుప్రీంకోర్టు చెప్పినను, గడువు పొడిగింపు ఫైలు తిరుగుచునే యుండును.

తాత్పర్యము: సత్యవేడునకు పొమ్మని.

పాఠాంతరము: కొన్ని ప్రతులలో “పరిపాలనా సౌలభ్యము” స్థానమున “ఉద్యోగి స్వీయ అభ్యర్థన మేరకు” అని కలదు. ఈ పాఠమును ఒప్పుకొని సంతకము చేయుమని సెక్షన్‌లో బుజ్జగింతురు. చేయరాదు. చేసినచో కోర్టు దారి మూసుకొనుటయే గాక, బదిలీ ప్రయాణ భత్యము రాదు. సామాను లారీ బాడుగ ఉద్యోగియే కట్టుకొనవలెను.