రైలు లేని ఊరికి రైలు తెచ్చిన గొంతులు

మా రోజుల్లో మిమిక్రీ ఉందంటే సూర్యాపేటలో జనం చాపలు పట్టుకుని ముందే వచ్చి కూర్చునేవాళ్లు. గణపతి నవరాత్రులైనా, స్కూలు వార్షికోత్సవమైనా నాలుగు బల్లలు కలిపి వేస్తే అదే స్టేజీ. ఉండేది ఒక్కటే మైకు. కళాకారుడు దానికి రెండు చేతులూ అడ్డం పట్టి, పెదాలు దగ్గర పెట్టి బొగ్గింజను కదిలించేవాడు. మొదట ఆవిరి బుస కొట్టేది. చక్రాలు మెల్లగా మొదలై జోరందుకునేవి. బండి వంతెన ఎక్కగానే చప్పుడు గుల్లబారేది, దిగగానే మళ్లీ మామూలయ్యేది. చివరికి కూత ఎక్కడో దూరాన కలిసిపోయేది. సూర్యాపేటకు ఇవాళ్టికీ రైలు స్టేషన్ లేదు. మా ఊరి పిల్లలు చాలామంది రైలును చూడకముందే విన్నారు.

ఇప్పుడు అదే మండపం దగ్గర డీజే బాక్సులు పెడుతున్నారు. ఇంటి కిటికీలు అదురుతున్నాయి గానీ మనసుకు ఏదీ అందడం లేదు. 

ఈ విద్యకు మా తెలంగాణలో పెద్దదిక్కు నేరెళ్ల వేణుమాధవ్ గారు. 1932లో వరంగల్ మట్టెవాడలో పుట్టారు. బడిలో పాఠాలు చెబుతూనే ఊరూరా ప్రదర్శనలు ఇచ్చారు. సినిమా నటుల గొంతులే కాదు, ఇంగ్లీషు సినిమాల యుద్ధాలు, తుఫానులు కూడా ఒక్క గొంతుతో పలికించారు. 1971లో ఐక్యరాజ్యసమితిలో ప్రదర్శన ఇచ్చారు. శాసనమండలి సభ్యులయ్యారు. 2001లో పద్మశ్రీ వచ్చింది. ఇంత పేరు తెచ్చుకున్న మనిషి తన విద్య తనతో పోకూడదని శిష్యులను తయారుచేశారు, మిమిక్రీ మీద పుస్తకం రాశారు. 2018లో ఆయన పోయేనాటికి మిమిక్రీ తెలుగు విశ్వవిద్యాలయంలో పాఠమైంది. ఊరి స్టేజీ మీది విద్యను అంత ఎత్తుకు చేర్చింది ఏళ్ల తరబడి చేసిన సాధన.

అప్పట్లో రేడియో గడప తొక్కడం తేలిక కాదు. దక్కన్ రేడియో 1935లో నిజాం రాజ్యంలోని హైదరాబాదులో మొదలై 1950లో ఆకాశవాణిలో కలిసింది. విజయవాడ కేంద్రం 1948లో వచ్చింది. ఆ రెండు ఊళ్లకూ నడుమ ఉన్నవాళ్లం కాబట్టి మాకు రెండు కేంద్రాల మీదా ఆశ ఉండేది. ఆడిషన్‌లో నెగ్గితేనే గ్రేడు, గ్రేడు ఉంటేనే పిలుపు. రేడియోలో ముఖం కనిపించదు, చేతులు తిప్పి గట్టెక్కడం కుదరదు. ముసలివాడు, పసివాడు, కోపిష్ఠి మామ, అందరూ గొంతులోనే తేలాలి. 1977లో హైదరాబాదులో దూరదర్శన్ వచ్చాక ఊళ్లో టీవీ ఉన్న ఇంటి ముందు వీధంతా కూర్చునేది. పది నిమిషాల కార్యక్రమానికి కళాకారులు నెలల తరబడి తయారయ్యేవాళ్లు.

ఇప్పుడు రీలు అర నిమిషం. తప్పు పోతే మళ్లీ తీసుకోవచ్చు, కోత పెట్టుకోవచ్చు. పైగా కంప్యూటరే ఎవరి గొంతునైనా పలికిస్తోంది. గొంతును అచ్చుగుద్దినట్టు దించితే అది మిమిక్రీ అయిపోదు. ఎదుటి మనిషి ఎక్కడ ఊపిరి తీసుకుంటాడో, ఏ మాట దగ్గర తడబడతాడో కనిపెట్టడంలో ఉంది అసలు విద్య. అది మనుషుల్ని గమనిస్తేనే వస్తుంది.

మా కోదాడ బిడ్డ, హాస్యనటుడు వేణుమాధవ్‌నే చూడండి. 1996లో ‘సంప్రదాయం’తో సినిమాల్లోకి వచ్చి కడుపుబ్బ నవ్వించాడని అందరికీ తెలుసు. అంతకుముందు అతను మిమిక్రీ కళాకారుడు, మాట్లాడే బొమ్మతో వెంట్రిలాక్విజం చేసేవాడు. ఆ విద్యలో బొమ్మ నోరు ఆడుతుంది, మనిషి పెదవి కదలకూడదు. ప, బ, మ పెదవులు కలిస్తే తప్ప పలకవు. వాటిని నాలుకతో, గొంతుతో సరిపెట్టి జనానికి తేడా తెలియకుండా చెప్పాలి. పైగా బొమ్మ అడగాలి, మనిషి జవాబివ్వాలి, ఈలోపు జనం నవ్వు ఆగేదాకా ఆగాలి. సినిమాలో అతని మాట విసురుకు మనం పడీపడీ నవ్వామంటే, ఆ ఒడుపు స్టేజీ మీద పట్టుబడిందే. 2019లో చిన్న వయసులోనే వెళ్లిపోయాడు.

ఇప్పటి పిల్లల్లో ప్రతిభ లేదని నేను అనను. మిర్యాలగూడ మిల్లుల దగ్గర, కోదాడ బస్టాండులో, సూర్యాపేట మార్కెట్లో ఎన్ని యాసలు, ఎన్ని గొంతులు! వినే చెవి ఉన్న పిల్లవాడికి అంతకు మించిన బడి లేదు. లేనిదల్లా నిలబడి చూపించుకునే చోటు. ఉత్సవ కమిటీ పెద్దలారా, డీజేకు పోసే డబ్బులో కొంత తీసి ఊరి కుర్రవాడికి ఇవ్వండి, రాత్రి ఒక అరగంట మైకు అతని చేతిలో పెట్టండి. మొదటి ఏడాది తడబడతాడు. తడబడనివ్వండి. జనం ముందు తడబడకుండా ఏ కళాకారుడూ తయారు కాలేదు.