పుట్టినరోజు వాళ్లది, ఖర్చు మనది

పుట్టినరోజుకు పిలిచినవాళ్లే భోజనం పెట్టాలన్నది మన లెక్క. ఆన్‌లైన్ ఆటల లెక్క వేరు. 2020 సెప్టెంబరు 28న విడుదలైన చైనా ఆట 'గెన్షిన్ ఇంపాక్ట్' ఏడాదిలోనే కోట్ల డాలర్లు గడించింది. తీరా మొదటి వార్షికోత్సవ అరకొర కానుకల జాబితా చూసేసరికి ఆటగాళ్లకు ఒళ్లు మండింది. గూగుల్ ప్లేలో ఒంటి నక్షత్రాలు కుమ్మరించారు. ఆ ఊపులో పిల్లల పాఠాల యాప్ గూగుల్ క్లాస్‌రూమ్‌కీ నాలుగు తగిలాయి. పాపం, అదేం చేసిందో! చివరికి కంపెనీవారు కరిగి, రోజుకు 400 చొప్పున నాలుగు రోజులు 1600 ప్రైమోజెమ్‌లు, అంటే ఆటలో చెల్లే రత్నాలు, పంచారు. వాటితో పదిసార్లు అదృష్టం పరీక్షించుకోవచ్చు. అయిదు నక్షత్రాల అరుదైన పాత్ర తగలడానికి ఒక్కోసారికి అవకాశం 0.6 శాతమే. ధర్మప్రభువులు!

అమెరికా ఆట 'వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్' ఇంకా ఘనం. తనకు ఇరవై ఏళ్లు నిండిన సందర్భంగా, వేలంశాలను వీపున మోసే రాక్షసబల్లి వాహనాన్ని 90 డాలర్లకు అమ్మకానికి పెట్టింది. నిజం బల్లి కాదు, తెరమీది బొమ్మే. 2025 జనవరి 6 దాటితే దొరకదని గడువు కూడా. నెలనెలా చందా కట్టేవాళ్లే తిట్టుకుంటూ కొన్నారు.