వాపసు

2022లో బడులు తెరిచిన వారానికి ఆమె మా ఆఫీసుకొచ్చింది. చేతిలో మడతలు పడ్డ జీవో 117 జిరాక్సు. దాని ప్రకారం ఊరి ప్రాథమిక పాఠశాలలోని మూడు, నాలుగు, ఐదు తరగతుల్ని కిలోమీటరు లోపున్న హైస్కూల్లో కలుపుతున్నారట. ఆ కిలోమీటరు మధ్యలో హైవే ఉంది.

"మావాడికి ఎనిమిదేళ్ళు సార్. లారీలోళ్ళకి వాడు కనపడడు" అంది.

నేలపాడు హైకోర్టులో రిట్ వేశాం. పదకొండు సంతకాలు, మూడు వేలిముద్రలు. అందులో ఒకటి ఆమెది. రేపోమాపో వాదనకొస్తుందనగా ఫోన్ చేసింది.

"విద్యాశాఖ ఆఫీసరు గారే ఊళ్ళోకొచ్చారు సార్. కోర్టులో కేసుండగా పైకి ఏమీ రాయలేనన్నారు. కేసు తీసేసుకోండి, బడిని కదలనివ్వనని అందరి ముందూ మాటిచ్చారు."

కాగితం మీద రాసిమ్మనమన్నాను.

"పిల్లల పక్కన కూర్చుని అన్నం తిన్న మనిషి సార్. కాగితం అడిగితే ఏం బాగుంటది?"

నేనూ మెత్తబడ్డాను. పిటిషనర్లు ఈ రిట్‌ను కొనసాగించదలచుకోలేదని రెండే వాక్యాల్లో మెమో రాశాను. కారణం రాయలేదు. ఇలాంటప్పుడు మళ్ళీ వేసుకునే స్వేచ్ఛ కావాలని కోర్టును అడిగి తీరాలి. అడక్కపోతే అదే విషయం మీద ఇంకో రిట్ నడవదని సర్గుజా ట్రాన్స్‌పోర్ట్ కేసులో సుప్రీంకోర్టు ఎప్పుడో తేల్చింది. జూనియర్లకు ఎన్నిసార్లు చెప్పి ఉంటానో. ఆ పూట మాత్రం అడగలేదు. రెండు నిమిషాల్లో ఆర్డరొచ్చింది: డిస్మిస్డ్ యాజ్ విత్‌డ్రాన్.

నెల తిరక్కుండా మూడు తరగతులూ హైవే దాటాయి. మాటిచ్చినాయన అంతకుముందే బదిలీ మీద వెళ్ళిపోయారు. ఆమె రోజూ పొద్దున్నే కొడుకు చెయ్యి పట్టుకుని డివైడర్ మీద నిలబడేది. లారీల వరస తెగేదాకా అక్కడే. వాణ్ణి బడిలో దింపి వచ్చేసరికి కూలీల ఆటో వెళ్ళిపోయేది.

2025 మేలో ప్రభుత్వమే జీవో 117ను వెనక్కి తీసుకుంది. పేపర్లో చూసి, ఉండబట్టలేక నేనే ఫోన్ చేశాను. కొడుకు ఆరుకొచ్చాడు, కూతురు మూడుకొస్తోంది. ఆ పిల్లన్నా ఊళ్ళో చదువుతుందని ఇద్దరం విద్యాశాఖ ఆఫీసుకెళ్ళాం.

కొత్త ఆఫీసరు ఓపిగ్గా విని ఫైలు తెప్పించాడు. పేజీలు తిప్పుతూ ఒకచోట ఆగాడు.

"మీ ఊరి సంగతి వేరండీ. ఇక్కడ తల్లిదండ్రులు ఇష్టపడబట్టే కలిపినట్టుంది. జీవో రద్దయిందని దీన్ని మార్చలేను."

"ఎవరు ఇష్టపడ్డారు?" అందామె.

ఆయన ఫైలు మావైపు తిప్పాడు. పైన 'తల్లిదండ్రుల అంగీకారం' అని రాసి ఉంది. కింద దారంతో కుట్టి ఉన్నది నా మెమో.

ఆమెకు చదువు రాదు. అడుగున ఉన్న సంతకం మీద వేలు పెట్టి నావైపు చూసింది.

"ఇదెవరిది సార్?"